సమమైన ఆటకు తీర్పెవరిది?

కందికట్టె కళ్లమునకు చేరి, రైతు చేతిలో నాలుగు డబ్బులాడు దినములు వచ్చినవనగా వికారాబాదు, తాండూరు ప్రాంతములలో ఊరూర ఆటల పందెములు మొదలగును. సంక్రాంతికి కబడ్డీ, జాతరకు వాలీబాలు, వేసవి సెలవులలో క్రికెట్టు. పొలము దున్నిన కాళ్లును, నాపరాతి గనులలో బరువెత్తిన భుజములును ఒక సాయంకాలము తమ సంతోషమునకై ఆడుట చూడముచ్చటగా నుండును. ఈ పందెములకు కరపత్రములు అచ్చువేయుదురు. మొదటి బహుమతి యెంత, రెండవ బహుమతి యెంత, ప్రవేశరుసుము ఎంత, దాతలెవరు, ముఖ్య అతిథి యెవరు, భోజనవసతి గలదా లేదా అను సంగతులన్నియు వానియందుండును. దాతల ఛాయాపటములు సైతము ఉండును. అడుగున "కమిటీవారి నిర్ణయమే తుదినిర్ణయము" అను పంక్తి తరచుగా కానవచ్చును. సాధారణముగా నుండనిది ఒక్కటే: రెండు జట్లు సమానముగా నిలిచినయెడల గెలుపెవరిదో ఎట్లు తేల్చెదరను మాట.

ఇంత చిన్నవిషయమునకు సంపాదకీయ మేల యని కొందరు పాఠకులు నవ్వవచ్చును. పందెము పండుగవేడుకగా మాత్రమే యున్నంతకాలము మేమును నవ్వియుందుము. కాని కాలము మారినది. 2016 అక్టోబరు 11వ తేదీన వికారాబాదు ప్రత్యేక జిల్లా యయ్యెను. అంతకుముందు రంగారెడ్డి జిల్లాలో నొకమూల నుండిన మన పిల్లలకు నేడు తమ జిల్లా జట్టనునది యొకటి గలదు. 2024 డిసెంబరులో జరిగిన ముఖ్యమంత్రి కప్పు పోటీలు గ్రామమునుండి మండలమునకు, మండలమునుండి జిల్లాకు, జిల్లానుండి రాష్ట్రమునకు మెట్లుమెట్లుగా సాగినవి. ఈ మెట్లలో ఒక్కొక్కదానిపై గెలిచిన జట్టు పైకి పోవును. ఓడినది ఇంటికి పోవును. పైమెట్టు నెక్కిన పిల్లవానికి చేతిలో నొక పత్రము మిగులును. కళాశాలలో చోటునకో, క్రీడాకారులకు కేటాయించిన ఉద్యోగమునకో దరఖాస్తు పెట్టునాడు ఆ పత్రమే వానికి ఆస్తి. తండ్రికి రెండెకరములైనను లేని యింట ఆ కాగితము విలువ యెంతటిదో చెప్పనక్కరలేదు. అట్టి కాగితము ఎవరింటికి పోవలెనో తీర్పుచెప్పు నియమమును చిన్నవిషయమని మేమనజాలము.

ఒక ఉదాహరణ మూహింతము. తాండూరుజట్టును వికారాబాదుజట్టును జిల్లాపోటీలలో తలపడినవనుకొందము. రెండూళ్లకును నడుమ సుమారు 40 కిలోమీటర్ల రైలుదారి. ఒకరు కాగ్నా ఒడ్డువారు, ఒకరు అనంతగిరి నీడవారు. పరిహాసములకు కొదువలేదు, పంతములకును కొదువలేదు. కాలము ముగిసెను. పాయింట్లు చూడగా 31కి 31. పొద్దు గుంకుచున్నది. ఇక నేమి జరుగును? ఒక పెద్దమనిషి లేచి మరి ఐదు నిమిషములు ఆడింపుడనును. వేరొకరు బొమ్మాబొరుసు వేయుడందురు. మూడవవాడు, పోయిన యేట తమ యూరిలో మొదటి పాయింటు తెచ్చిన జట్టునే గెలిపించిరని జ్ఞాపకము చేయును. ఎవరి గొంతు పెద్దదో, దాత యెవరి యూరివాడో, వాని మాట నెగ్గును. ఇందులో ఎవరును దొంగలని మా యభిప్రాయము కాదు. అందరును మంచివారే కావచ్చును. అయినను రెండు జట్ల బలము, అలసట, ఎవరికి దెబ్బ తగిలినది, ఎవరి కూతగాడు ఊపుమీద నున్నాడు అను సంగతులు కన్నులెదుట నుండగా ఏర్పరచిన నియమము నియమము కాదు. అది యొక పక్షమునకు పలికిన తీర్పే.

తాండూరు కందుల మార్కెట్టునకు పోయిన రైతునడుగుడు. బస్తా కాటామీదికెక్కిన తరువాత ఏ తూకపురాయి వేయవలెనో వర్తకు డాలోచించుకొందునన్నచో ఆ రైతు ఊరకుండునా? రాయి ముందు చూపవలెను, దాని ముద్ర ముందు చూపవలెను, ఆ పిమ్మటనే బస్తా. కందుల కున్నపాటి న్యాయము కష్టించి ఆడిన పిల్లల కుండవలదా?

చిత్రమేమనగా, కబడ్డీ విషయమున క్రొత్తగా ఆలోచింపవలసిన పనియే లేదు. నియమము చక్కగా వ్రాయబడియున్నది; మన మైదానములకు చేరలేదు, అంతే. పూర్వపు నియమావళిలో ఆట సమమైనపుడు మరి రెండు పర్యాయములు ఐదేసి నిమిషములు ఆడించెడివారు. అప్పటికిని తేలనిచో మొట్టమొదటి పాయింటు తెచ్చిన జట్టును విజేతగా ప్రకటించెడివారు. మా యెంచుటలో ఇది కుంటినియమము. ఆట మొదటి నిమిషమున జరిగిన చిన్నసంగతి, యాభై నిమిషముల చెమట తరువాత లేచివచ్చి తీర్పుచెప్పుట యేమి సబబు? పైగా ఆ మొదటి పాయింటు తెచ్చునపుడు అదియే తుదకు తీర్పుచెప్పునని ఎవరెరుగుదురు?

నేటి పద్ధతి వేరు. ఓడినవా రింటికిపోవు పోటీలలో సమమైనచో ఇరుపక్షములకును ఐదేసి కూతలిత్తురు. రెండు జట్లును ఏడేసిమందితో నిలుచును. ఒకరి తరువాత నొకరుగా కూతకు పోవుదురు. ఆట మొదట నెవరు కూతకు పోయిరో వారే యిచ్చటను మొదట పోవుదురు. ఐదు కూతలకును ఐదుగురు వేర్వేరు కూతగాండ్రుండవలెను. వారి పేర్లను వరుసక్రమమున ముందుగానే రిఫరీకి వ్రాసి యీయవలెను. అవుటైనవాడు వెలికి పోవుటగాని, వెలినున్నవాడు మరల లోనికి వచ్చుటగాని లేదు. వచ్చిన పాయింట్లను మాత్రమే లెక్కింతురు. బాకులైనే బోనస్ లైను పనియు చేయును. కనుక కూతగాడు లోతునకు పోకయే బోనస్ కొరకు ప్రయత్నింపవచ్చును. వట్టిచేతులతో తిరిగివచ్చుట తగ్గును. అప్పటికిని సమమైనచో క్రొత్తగా బొమ్మాబొరుసు వేసి, గెలిచినవారికి బంగారుకూత యిత్తురు. ఆ కూతలో ఆధిక్యము తెచ్చినవారిదే ఆట. ఏమియు తేలనిచో ఎదుటిపక్షము కూతకు పోవును. అదియు తేలనిచో, అప్పుడు మాత్రమే, నాణెము తీర్పుచెప్పును.

ఈ నియమములోని తెలివిని పాఠకులు గమనింపగోరెదము. ఐదుగురు వేర్వేరుగా పోవలెననుటచేత ఒక్క మొనగాని మీద జట్టు బరువంతయు మోపుటకు వీలులేదు. సంతలో పేరుమోసిన యొక కూతగాని నద్దెకు తెచ్చుకొని మిగిలిన ఆరుగురిని బొమ్మలవలె నిలువబెట్టు జట్లు మన ప్రాంతమునను లేకపోలేదు. వారికి ఇచ్చట చుక్కెదురగును. నాలుగవవాడు, ఐదవవాడు ఎట్టివాడో ఇచ్చట బయటపడును. జట్టునుబట్టి తీర్పు వచ్చును. నాణెమును పారవేయలేదు, కాని అన్ని ద్వారములును మూసికొనిపోయిన తరువాత చివరి వాకిట నిలిపిరి. ప్రో కబడ్డీ పోటీలలో పూర్వము సాధారణ దశలో ఆట సమమైనచో పాయింట్లను పంచి పంపెడివారు. 2025లో జరిగిన 12వ పోటీలనుండి ఆ దశకును ఈ ఐదు కూతల పద్ధతిని విస్తరింపజేసిరి. తెలుగు టైటన్స్ ఆటను దూరదర్శినిలో చూచిన మన పల్లె బాలుర కీ పద్ధతి కంఠతా వచ్చును. పందెము నడుపు పెద్దలకే రాదు!

నియమము ముందుగా నెరుగకున్న ఎంతటి పెద్ద వేదికయైనను నవ్వులపాలగునని 2023 అక్టోబరు 7వ తేదీన లోకమంతయు చూచినది. హాంగ్జౌ నగరమున ఆసియా క్రీడల కబడ్డీ తుదిపోటీ. భారతమునకు 28, ఇరానునకు 28. రెండు నిమిషములైనను మిగిలియుండలేదు. మన నాయకుడు పవన్ సెహ్రావత్ కూతకు పోయి, ఎవరిని తాకకయే ప్రక్కగీత దాటి లాబీలో అడుగిడెను. ఇరాను ఆటగాండ్రు ఆయన వెంటబడి లాబీలోనికి వచ్చిరి. పాత నియమము ప్రకారము ఒక లెక్క, క్రొత్త నియమము ప్రకారము వేరొక లెక్క. ఏది చెల్లునో అక్కడివారికే తెలియలేదు. ఆటగాండ్రు నేలపై కూర్చుండిరి. సుమారొక గంట ఆట నిలిచిపోయెను. తుదకు 33కు 29తో మనకు స్వర్ణపతకము వచ్చినది. మనవారు గెలిచిరని మనము సంతసించితిమి, తప్పులేదు. కాని ఆ గంటసేపు జరిగిన రచ్చ మన యాటకు కీర్తి తెచ్చినదని ఎవరనగలరు? కబడ్డీని ఒలింపిక్ క్రీడలలో చూడవలెనని కోరువారు నియమపుస్తకమును మొదట సరిచూచుకొనవలెను.

ఇక నియమము ముందే వ్రాసియున్నను అది ఆటకు తగినది కాకపోవచ్చును. 2019 జులై 14న లార్డ్సు మైదానమున ప్రపంచ క్రికెట్టు తుదిపోటీలో న్యూజిలాండు 241 పరుగులు, ఇంగ్లండు 241 పరుగులు. సూపర్ ఓవరు ఆడించిరి, ఇద్దరును పదునైదేసి. అప్పుడు ఫోర్లు, సిక్సర్లు లెక్కపెట్టి 26కు 17 అని ఇంగ్లండును విజేతగా ప్రకటించిరి. నియమము ముందే యున్నది, న్యూజిలాండువారు దాని నంగీకరించియే ఆడిరి, అన్యాయము జరిగెనని మేమనము. కాని ఒంటొంటిగా పరుగులు తీసి నూరు కూర్చినవాడు, బౌండరీలతో నూరు కూర్చినవానికంటె ఏవిధమున తక్కువ? క్రికెట్టులో పరుగే ధనము. అది ఏ దారిన వచ్చినను ఒక్కటే విలువ యని ఆటయంతయు చెప్పి, చివరి నిమిషమున ఆ మాట తప్పుట పొరపాటు. ఆ సంవత్సరము అక్టోబరులోనే అంతర్జాతీయ సంఘమువారు దానిని దిద్దుకొని, సెమీ ఫైనలు, ఫైనలు ఆటలలో తేలువరకు సూపర్ ఓవర్లు ఆడవలెననిరి. దానికి ముందు 2007లో డర్బనులో భారత పాకిస్థానములు 141 పరుగులతో సమముకాగా, బ్యాటు పట్టువాడు లేకుండ వట్టి వికెట్లపైకి బంతులు విసరించి, 3–0తో మనకు గెలుపిచ్చిరి. మన గెలుపైనను చెప్పక తప్పదు: అది క్రికెట్టు కాదు, గోలీలాట.

ఫుట్‌బాలువారు మరింత దూరము నడిచివచ్చిరి. 1968లో నేపుల్సు నగరమున ఐరోపా పోటీల సెమీ ఫైనలులో ఇటలీ, సోవియటు జట్లు రెండు గంటలాడినను గోలు లేకపోగా నాణెము నెగురవేసి ఇటలీని ఫైనలుకు పంపిరి. ఆ సిగ్గు భరింపలేకనో యేమో, 1970లో పెనాల్టీ తన్నుల పద్ధతిని ఫుట్‌బాలు నియమకర్తలు అంగీకరించిరి. హైదరాబాదు జట్టుకు ఈ పద్ధతివలన మేలు జరిగినది. 2022 మార్చి 20న గోవాలో ఇండియన్ సూపర్ లీగు తుదిపోటీలో కేరళజట్టుతో 1–1గా నిలిచి, పెనాల్టీలలో 3–1తో హైదరాబాదు గెలిచినది. గోలుకీపరు లక్ష్మీకాంత్ కట్టిమణి మూడు తన్నుల నాపెను. పదునొకండుగురి ఆటను ఇద్దరి ఆటగా కుదించిరను ఆక్షేపణ యున్నది. అందులో నిజమును ఉన్నది. అయినను కట్టిమణి చేతులు నాణెముకంటె యెంతో మేలు.

వాలీబాలు ఆడువారి కీ చిక్కే లేదు. రెండు పాయింట్ల ఆధిక్యము వచ్చువరకు సెట్టు ముగియదు. బ్యాడ్మింటనులోను అంతే, కాని 29–29 వరకు పోయినచో ముప్పదియవ పాయింటు తెచ్చినవారిదే ఆట. 2017 ప్రపంచపోటీల తుదియాటలో మన సింధు 110 నిమిషములు పోరాడి, మూడవ గేమును 20–22తో కోల్పోయినపుడు కన్నీరు పెట్టనివారెవరు? కాని ఆ యోటమిపై ఎవరును తగవు పెట్టలేదు. ఆటయే తనలో తీర్పును దాచుకొనియున్నది.

నియమము ముందుగా తెలిసియుండినచో ఓటమిని సైతము పెద్దమనసుతో భరింపవచ్చుననుటకు చదరంగములో కోనేరు హంపి కథ చాలును. 2019 డిసెంబరులో మాస్కోలో ప్రపంచ ర్యాపిడ్ పోటీలలో ముగ్గురు తొమ్మిదేసి పాయింట్లతో సమముగా నిలిచిరి. నియమము ప్రకారము ఇద్దరికే తుదియాట. తుర్కీకి చెందిన అతాలిక్ మూడవస్థానమునకు పోయెను. హంపి చైనాకు చెందిన లే టింగ్జీతో ఆడి, మొదటిది ఓడి, రెండవది గెలిచి, అర్మగెడ్డన్ అను చివరియాటలో నల్లపావులతో డ్రా చేసి ప్రపంచవిజేత యయ్యెను. ఆ చివరియాటలో తెల్లపావులవానికి ఎక్కువకాలమిత్తురు, నల్లపావులవానికి డ్రా చాలును. సమమైన ఆటను సమము కానీయని చమత్కారమది. ఆరు సంవత్సరములు గడచినవి. 2025 జులైలో బటూమిలో ప్రపంచకప్పు తుదిపోటీలో రెండు దీర్ఘపుటాటలు డ్రాకాగా, వేగపుటాటలలో దివ్యా దేశ్‌ముఖ్ చేతిలో హంపి ఓడెను. ఆ డిసెంబరులో దోహాలో మరల ముగ్గురు ఎనిమిదిన్నర పాయింట్లతో సమమైరి. ఈమారు తుదియాటకు చోటుదొరకని మూడవవ్యక్తి హంపియే! 2019లో ఆమెను కిరీటమువరకు నడిపించిన పద్ధతియే 2025లో ఆమెను కాంస్యపతకముతో ఆపినది. ఎవరి నేమనగలము? ఆమెకు ముందే తెలియును, ఎదుటివారికి ముందే తెలియును.

హైదరాబాదు క్రికెట్టుజట్టు 1986–87లో ఢిల్లీపై రంజీ ట్రోఫీని గెలిచినది మొదటి ఇన్నింగ్సు ఆధిక్యముతోనే. 2025 ఫిబ్రవరిలో కేరళజట్టు క్వార్టరు ఫైనలులో ఒక్క పరుగు ఆధిక్యముతోను, సెమీ ఫైనలులో గుజరాతుపై 457కు 455 అను రెండు పరుగుల ఆధిక్యముతోను పైకి పోయినది. ఆధిక్యము దొరికిన పిమ్మట ఆట చప్పబడునను దోషమున్నను, అది జట్టంతయు కష్టించి తెచ్చినదేగదా.

తేల్చకున్న నేమి, కప్పును పంచుకొనరాదా యని మిత్రులొకరు మమ్మడిగిరి. పంచుకొనవచ్చును. 1960లో డ్యూరాండు కప్పును మోహన్ బగాన్, ఈస్టు బెంగాలు పంచుకొన్నవి. 2021 ఆగస్టులో టోకియో ఒలింపిక్సులో ఎత్తుదుముకుటలో ఖతారువాడును ఇటలీవాడును స్వర్ణమును పంచుకొని కౌగిలించుకొన్నపుడు చూచినవారి మనస్సులు కరగినవి. సంక్రాంతి పందెపు తుదియాట సమమైనచో బహుమతి సొమ్మును సగము సగము చేసి రెండూళ్లవారును కలిసి భోజనము చేయుదురేని మేము మొదట సంతసింతుము. కాని మండలమునుండి జిల్లాకు, జిల్లానుండి రాష్ట్రమునకు పోవుచోట ఇది చెల్లదు. పైమెట్టుమీద ఒక్కజట్టుకే చోటు. అచ్చట ఔదార్యము చూపవలెనన్నను చూప వీలులేదు. న్యాయము మాత్రమే చూపవలెను.

పల్లెటూరి ఆటకు ఇన్ని నిబంధనలేల, పొద్దు చాలదు, దీపములుండవు అని కమిటీవారనవచ్చును. లెక్కవేసి చూడుడు. కూతకు కాలపరిమితి 30 సెకండ్లు. ఇరుపక్షములకును కలిపి పది కూతలు. మొత్తమైదు నిమిషములు! వరుసపేర్లు వ్రాసికొనుటకు మరి యైదు నిమిషములు. పెద్దమనుషుల వాదప్రతివాదములకు పట్టు కాలములో ఇది నాలుగవవంతైనను కాదు. టెన్నిసు బంతి క్రికెట్టులో సూపర్ ఓవరునకు పక్షమున కారు బంతులు. చీకటి పడినదను సాకు ఇచ్చట నిలువదు. వాన వచ్చి ఆట నిలిచిపోయినచో ఏమి చేయవలెనో, ఆటకు రాని జట్టు నేమి చేయవలెనో, లీగుపట్టికలో పాయింట్లు సమమైనచో ముఖాముఖి ఆటను చూడవలెనో, పాయింట్ల తేడాను చూడవలెనో, అదియు ముందే తేల్చవలసినదే. 2018 ప్రపంచ ఫుట్‌బాలులో జపాను, సెనెగలు జట్లు అన్నింట సమము కాగా, పచ్చకార్డులు తక్కువయైన కారణమున జపాను పైకి పోయినది. వింతగా నున్నను, నియమము పుస్తకములో నున్నందున సెనెగలువారు తలవంచి వెడలిపోయిరి.

కాబట్టి వికారాబాదు, తాండూరు పోటీల కమిటీలవారిని, జిల్లా క్రీడాధికారులను మేము కోరున దేమనగా: రాబోవు సంక్రాంతికి కరపత్రములు అచ్చునకు పోకమునుపే, దాతల ఛాయాపటముల క్రింద నాలుగు పంక్తుల చోటు విడువుడు. సమమైనచో ఏమి చేయుదురో అందు వ్రాయుడు. ఆట మొదలగుటకు ముందు రిఫరీ రెండు జట్ల నాయకులను పిలిచి ఆ నాలుగు పంక్తులను గట్టిగా చదువవలెను. సరిహద్దు గ్రామముల జట్లు వచ్చినచో కన్నడములోను, ఉర్దూలోను చెప్పవలెను. నాయకులిద్దరును దాని క్రింద చేవ్రాలు చేయవలెను. ఆ కాగితమును స్కోరుబల్లమీద, అందరి కంటబడునట్లు, ఒక నాపరాతిముక్క బరువు పెట్టి ఉంచవలెను.